ఆ రాత్రి నాన్న ఫోన్ ఎత్తలేదక్కా

ఈ నెల వచ్చిన ఉత్తరాల్లో సగం పైన రాత్రి పూట రాసినవే. నాకెలా తెలుసంటే వాళ్లే రాశారు, "ఇప్పుడు టైమ్ రెండున్నర అక్కా" అని ఒకరు, "నిద్ర పట్టక రాస్తున్నా" అని ఇంకొకరు, "క్యాబ్‌లో కూర్చుని టైప్ చేస్తున్నా తప్పులుంటే ఏమనుకోకండి" అని మరొకరు. అందుకే ఈసారి పెళ్లి సంబంధాల ప్రశ్నలు, ఆస్తి తగాదాల ప్రశ్నలు పక్కన పెట్టి జాగా అంతా వీళ్లకే ఇచ్చేస్తున్నా. ఆ ప్రశ్నలు వచ్చే నెల దాకా ఆగుతాయి, ఇవి ఆగవేమో అనిపించింది. నాలుగు ఉత్తరాలు తీసుకున్నా, మనుషుల్ని గుర్తుపట్టకుండా అక్కడక్కడా వివరాలు మార్చాను.

ప్రశ్న: అక్కా, నాకు 29 ఏళ్లు. మాది కందుకూరు దగ్గర పల్లెటూరు. హైటెక్ సిటీలో ఒక కంపెనీలో యూఎస్ షిఫ్ట్ చేస్తాను, సాయంత్రం ఆరున్నరకి లాగిన్, తెల్లారుజామున మూడున్నరకి లాగౌట్. రూమ్ కొండాపూర్‌లో. మా నాన్న పొగాకు రైతు. రోజూ రాత్రి ఎనిమిదిన్నర ప్రాంతంలో అన్నం తిని అరుగు మీద కూర్చోగానే నాకు ఫోన్ చేసేవాడు. మాట్లాడేది ఏమీ ఉండదు. "తిన్నావా", "ఏం కూర", "ఆ సరే, పెట్టేస్తన్నా". నిమిషం కూడా పట్టదు. పోయిన ఏడాది ఆగస్టులో ఒకరోజు ఆయన చేసేసరికి నేను క్లయింట్ కాల్‌లో ఉన్నా, కట్ చేశా, బ్రేక్‌లో చేద్దాంలే అనుకున్నా. బ్రేక్‌లో ఫ్రెండ్స్‌తో కిందకి టీకి వెళ్లాం. అక్కడ గుర్తొచ్చింది కూడా అక్కా, జేబులోంచి ఫోన్ తీశా కూడా, పదిన్నర అయింది, పడుకుని ఉంటాడు, రేపు చేద్దాం అని మళ్లీ జేబులో పెట్టేశా. ఎవడో జోకేస్తే నవ్వా. తెల్లారి అయిదింటికి మా మేనమామ ఫోన్ చేశాడు. గుండెపోటు, ఒంగోలు తీసుకెళ్లే లోపే అయిపోయింది.

పద్నాలుగు నెలలైంది. నా ఫోన్ స్క్రీన్ పగిలింది, ఛార్జింగ్ సగం రోజు కూడా నిలవట్లేదు, అయినా మార్చట్లేదు, ఎందుకంటే నాన్న పేరు నొక్కితే 8:34 అని ఆ కాల్ కనిపిస్తుంది. షిఫ్ట్ అయ్యాక రూమ్‌కి వెళ్లబుద్ధి కాదు, బండేసుకుని తిరుగుతా, రోడ్లన్నీ ఖాళీ, ఫ్లైఓవర్ల మీద లైట్లు తప్ప ఏమీ ఉండవు, చివరికి ట్యాంక్‌బండ్ మీదకి చేరి బుద్ధుడి ఎదురుగా కూర్చుంటా. ఆయన అంత ప్రశాంతంగా నిలబడ్డాడు, నాకే ఎందుకు శాంతి లేదు అనిపిస్తుంది. అప్పుడప్పుడు ఈ బతుకు దండగ అనిపిస్తుంది. ఇంతమందిలో ఉంటా గానీ ఎవరికీ చెప్పలేదు. ఆ రాత్రి నాన్న ఒంట్లో బాలేదని చెబుదామనే చేశాడేమో, నేను ఎత్తి ఉంటే బతికేవాడేమో, ఎత్తకపోయేసరికి ఎంత బాధపడి పడుకున్నాడో, ఇదే తిరుగుతుంటుంది బుర్రలో. అమ్మ ఊళ్లో ఒక్కతే ఉంటుంది, రాత్రంతా టీవీ పెట్టుకునే పడుకుంటుందని చెల్లి చెప్పింది. నేనేం చేయాలి అక్కా?

జవాబు: తమ్ముడూ, "బతుకు దండగ అనిపిస్తుంది" అని రెండు వాక్యాల మధ్య ఇరికించి రాసేశావ్, నేను అక్కడే ఆగిపోయా. చచ్చిపోవాలనే ఆలోచన వస్తోందా నీకు? వస్తుంటే అందులో సిగ్గుపడాల్సింది ఏమీ లేదు, కానీ ఒక్కడివే మోయొద్దు. 14416 కి ఫోన్ చేయి. టెలి మానస్ అంటారు, 2022 అక్టోబర్‌లో కేంద్ర ప్రభుత్వం మొదలుపెట్టింది, డబ్బులేం పడవు, రాత్రీ పగలూ ఉంటారు, తెలుగులోనే మాట్లాడొచ్చు. తెల్లారుజామున మూడున్నరకి ఏ ఫ్రెండైనా ఎత్తుతాడో లేదో గానీ అక్కడ ఎత్తడానికే మనుషుల్ని పెట్టారు. నీ ఉత్తరం అందిన రోజే ఈ మాట నీకు విడిగా రాశాను, ఇక్కడ మళ్లీ రాస్తున్నది ఇది చదివే నీలాంటి వాళ్ల కోసం.

ఇక నీ ప్రశ్నకి వస్తా. నువ్వు నాన్న గురించి ఆలోచించే టైమ్ ఏంటో చూడు, మూడున్నర నుంచి అయిదు. మన ఒంట్లో ఒక గడియారం నడుస్తుంటుంది కదా, దాని లెక్క ప్రకారం మనిషి అడుగంటిపోయే వేళ అది. ఒంటి వేడి రోజు మొత్తంలో అప్పుడే బాగా తగ్గుతుంది, చురుకు తగ్గుతుంది, లారీ డ్రైవర్లు కునుకు తీసి యాక్సిడెంట్లు అయ్యేది కూడా ఎక్కువగా ఆ వేళే. పైగా నువ్వు తొమ్మిది గంటలు స్క్రీన్ చూసి, ఏదో తిన్నామంటే తిన్నాం అన్నట్టు తిని, టీల మీద టీలు తాగి బయటికొస్తావ్. అలాంటప్పుడు నీ మీద నువ్వే పంచాయితీ పెట్టుకుంటున్నావ్, నీ తరఫున మాట్లాడటానికి అక్కడ ఒక్కరూ ఉండరు. అదే సంగతి మధ్యాహ్నం అన్నం తిన్నాక గుర్తొస్తే ఏడుపొస్తుంది గానీ ఇట్లా శిక్ష వేసుకోవు. ఒకసారి గమనించి చూడు. అందుకే చెబుతున్నా, షిఫ్ట్ అవ్వగానే బండి మీద తిరగడం ముందు ఆపు, నిద్రమత్తులో అంత దూరం నడపడం ప్రమాదం, నీకేదైనా అయితే ఈసారి అయిదింటికి ఫోన్ వెళ్లేది మీ అమ్మకి.

ఆ వేళప్పుడు సిటీ ఖాళీ అన్నావ్ చూడు, అది మాత్రం నేను ఒప్పుకోను. నువ్వు ఖాళీ రోడ్లు వెతుక్కుని మరీ వెళ్తున్నావ్. అదే టైమ్‌కి గుడిమల్కాపూర్ పూల మార్కెట్‌లో బంతిపూల మూటలు దిగుతుంటాయి, బోయిన్‌పల్లిలో కూరగాయల బస్తాలు మోస్తుంటారు, ఫ్లైఓవర్ల కింద పేపర్ కుర్రాళ్లు కట్టలు విప్పి ఒక్కో పేపర్లో లోపలి పేజీలు దూర్చి సైకిళ్లకి సర్దుతుంటారు. మీ కొండాపూర్‌లో కూడా అయిదింటికల్లా ఇడ్లీ బండి వస్తుంది. రూమ్‌కి వెళ్లే ముందు అక్కడ ఆగి నాలుగు ఇడ్లీ తిను, ఆ బండి ఆయనతో రెండు మాటలు మాట్లాడు, తర్వాత పడుకో. ఇది చిన్న విషయంలా ఉంటుంది గానీ కాదు.

ఇప్పుడు అసలు సంగతి. ఆ 8:34 కాల్‌ని నువ్వు నాన్న ఆఖరి మాటగా చూస్తున్నావ్. అది ఆఖరిదని ఎప్పుడు తెలిసింది నీకు? తెల్లారి అయిదింటికి. అంతకు ముందు అది రోజూ వచ్చే కాల్, అంతకు ముందు రోజు వచ్చినట్టే. ఏడాదికి మూడొందల అరవై కాల్స్ చేసిన మనిషి, వాటిల్లో నువ్వు ఎన్నో ఎత్తలేదు, ఎన్నోసార్లు మర్నాడు చేశావ్, అవేవీ నిన్ను నిద్రలేకుండా చేయలేదు. తర్వాత జరిగింది తెచ్చి ముందు జరిగినదాని మీద పెట్టి నీకు నువ్వే తీర్పు చెప్పుకుంటున్నావ్. ఆ రాత్రి టీ కొట్టు దగ్గర నవ్విన కుర్రాడికి ఈ సంగతి తెలీదు. వాడిని ఎందుకు తిడతావ్?

నాదొకటి చెబుతా. 1992 జూన్‌లో చదువుకోసం సూర్యాపేట నుంచి హైదరాబాద్ వచ్చా, నారాయణగూడలో హాస్టల్. మా ఇంట్లో ఫోన్ లేదు, పక్కింట్లో ఉండేది. అప్పట్లో రాత్రి బాగా పొద్దుపోతే ఎస్‌టీడీ, అంటే వేరే ఊరికి చేసే కాల్, చార్జి తగ్గేది, అందుకని పదకొండు దాటాక బూత్ ముందు లైన్ ఉండేది, అద్దాల గదిలో ఎర్ర అంకెల మీటర్ తిరుగుతుంటే దాన్నే చూస్తూ గబగబా మాట్లాడి పెట్టేసేవాళ్లం. ప్రతి శనివారం రాత్రి పదకొండున్నరకి నేను చేయాలి, అమ్మ పక్కింటికి వచ్చి కూర్చోవాలి, అదీ మా ఒప్పందం. ఒక శనివారం వాన, లైన్‌లో పదిహేను మంది, నేను విసుగొచ్చి తిరిగెళ్లి పడుకున్నా. తర్వాత మా చిన్నాన్న చెప్పాడు, ఆ రాత్రి అమ్మ పక్కింటి వాళ్ల మెట్ల మీద ఒంటిగంట దాకా కూర్చుందట, వాళ్లు తలుపేసుకుంటామంటే మొహమాటపడి బయట కూర్చుందట. ఆ మెట్లు, ఆ వాన, అమ్మ కొంగు కప్పుకుని కూర్చోవడం, నేను చూడకపోయినా చూసినట్టే కళ్ల ముందు ఉండేది. ఇరవై ఏళ్లు మోశా. ఒకసారి పండక్కి ఇంటికెళ్లినప్పుడు ధైర్యం చేసి అమ్మ దగ్గర కూర్చుని ఆ రాత్రి సంగతి ఎత్తి క్షమించమ్మా అన్నా. అమ్మ చిక్కుడుకాయలు ఈనెలు తీస్తోంది. చేతులు ఆపి "ఏ రాత్రే?" అంది. గుర్తే లేదు. నిజంగా గుర్తు లేదు తమ్ముడూ. ఆవిడకి గుర్తున్నదల్లా నేను ఫోన్ చేసిన శనివారాలు, ఒకసారి నాకు జ్వరమని చెబితే బస్సెక్కి తెల్లారేసరికి హాస్టల్ గేటు దగ్గర నిలబడ్డది.

మీ నాన్న విషయంలో కూడా ఇలాగే అని చెప్పట్లేదు. ఆ రాత్రి ఆయన ఏమనుకున్నాడో నాకు తెలీదు, నీకూ తెలీదు. తెలీకుండానే పద్నాలుగు నెలలుగా నువ్వే ఒక రాత్రిని తయారుచేసుకుని రోజూ అందులోకి వెళ్తున్నావ్. తెలిసిన మనిషి ఒక్కరే ఉన్నారు, అప్పుడు పక్కనే ఉన్న మీ అమ్మ. నువ్వు ఫోన్ కట్ చేశాక ఆయన ఏమన్నాడు? ఏం చేశాడు? నిద్రపోయాడా, ఎదురింటాయనతో పొగాకు బేళ్ల ధర గురించి మాట్లాడాడా, టీవీ చూశాడా? ఒంట్లో బాగోకపోతే మూడొందల కిలోమీటర్ల పైన ఉన్న నీకు చెప్పే ముందు పక్కనున్న ఆమెకి చెప్పి ఉండడా? అమ్మని అడిగావా ఎప్పుడైనా? నీ ఉత్తరం చూస్తే అడగలేదనే అనిపిస్తోంది. ఏం వినాల్సి వస్తుందో అని భయం, అర్థమవుతుంది. కానీ తమ్ముడూ, నువ్వు ఊహించుకున్న దానికంటే ఘోరంగా ఆమె ఏం చెబుతుంది?

ఇంకో మాట కూడా ఉంది, ఇది కాస్త గట్టిగానే చెబుతా. రెండు పేజీల ఉత్తరంలో అమ్మ గురించి ఒక్క వాక్యం రాశావ్, అదీ చెల్లి చెబితే తెలిసిందని. రాత్రంతా టీవీ ఎందుకు పెట్టుకుంటుందో ఆలోచించావా? ఏ సీరియలూ తెల్లవార్లూ చూడదు ఆమె. ఇంట్లో ఒక మనిషి గొంతు వినపడాలి, అందుకు. నువ్వు ట్యాంక్‌బండ్ మీద కూర్చున్న టైమ్‌కి అక్కడ ఆమె కూడా మెలకువగానే ఉంటుంది, ఆమెకీ ఒక "నేను అప్పుడే ఆస్పత్రికి పదమని ఉంటే" ఉండే ఉంటుంది, నాన్న పక్కన పడుకున్నది ఆమె కదా. ఆ ఇంట్లో రోజూ ఎనిమిదిన్నరకి అరుగు మీద నుంచి ఒక గొంతు "తిన్నావా" అనేది, అది ఆగిపోయింది. ఆ టైమ్‌కి నువ్వు చేయి. టీమ్ లీడ్‌తో మాట్లాడి ఒక అయిదు నిమిషాలు అడుగు, సిగరెట్‌కి వెళ్లేవాళ్లకి ఇస్తారు, నీకూ ఇస్తారు. మొదటి నాలుగు రోజులు ఏం మాట్లాడాలో తెలీదు, ఏం కూర అని అడుగు, అదే చాలు. ఆ ఆగస్టు రాత్రి సంగతి మాత్రం ఫోన్‌లో వద్దు. రెండ్రోజులు సెలవు పెట్టి వెళ్లి ఆ అరుగు మీద కూర్చుని అడుగు.

ఫోన్ మార్చుకో. పాతది పారేయమనట్లేదు, స్విచాఫ్ చేసి నాన్న బట్టలున్న బీరువాలో పెట్టు.

అన్నట్టు బుద్ధుడి గురించి రాశావ్. నేను సిటీకి వచ్చినప్పుడు ఆయన అక్కడ లేడు. 1990 మార్చిలో విగ్రహాన్ని పడవ మీద తీసుకెళ్తుంటే ఒరిగి హుస్సేన్ సాగర్‌లో పడిపోయింది, కొంతమంది ప్రాణాలు కూడా పోయాయి. మేము హాస్టల్ పిల్లలం ట్యాంక్‌బండ్‌కి వెళ్తే ఉత్త నీళ్లు చూసి "ఇక్కడే ఎక్కడో పడుకుని ఉన్నాడంట" అనుకునేవాళ్లం. రెండున్నరేళ్ల పైన అడుగున బురదలో ఉన్నాక 1992 డిసెంబర్‌లో పైకి తీసి నిలబెట్టారు. వందల టన్నుల రాయి, ఎంతమంది ఎన్ని రోజులు కష్టపడ్డారో. నువ్వు చూసే ఆ ప్రశాంతమైన ముఖం అంతా దాటి వచ్చిందే.

ఊరికెళ్లొచ్చాక రాయి. అమ్మ ఏం చెప్పిందో నాకు రాయకపోయినా పర్లేదు, వెళ్లానని రాస్తే చాలు.

ప్రశ్న: అమ్మా, నా వయసు 66. నిజాంపేటలో ఏడో అంతస్తులో ఉంటాను. మావారు రిటైరయ్యాక తణుకు దగ్గర మా ఊరికి వెళ్లిపోదాం అన్నారు. నేనే వద్దన్నాను, మనవరాలిని ఎవరు చూస్తారు, అమ్మాయి ఉద్యోగం మానేయాల్సి వస్తుంది అని. ఆయన ఇంకేం అనలేదు, బాల్కనీలో కుండీల్లో గోంగూర, తోటకూర వేసుకుని సరిపెట్టుకున్నారు. మూడేళ్ల క్రితం పోయారు. పోయిన ఏడాది అమ్మాయి, అల్లుడు పాపని తీసుకుని డల్లాస్ వెళ్లిపోయారు. ఎవరి కోసమైతే ఉండిపోయామో వాళ్లే లేరు ఇప్పుడు. అమ్మాయి రోజూ మన రాత్రి రెండున్నరకి వీడియో కాల్ చేస్తుంది, అక్కడ మధ్యాహ్నం మూడు, ఆఫీసులో కాస్త తీరిక. అది అయ్యాక నిద్ర పట్టదు. కిటికీ దగ్గర నిలబడి ఎదురు టవర్‌లో ఎన్ని లైట్లు వెలుగుతున్నాయో లెక్కపెడతాను. ఆయన మాట విని ఉంటే ఆఖరి రోజులైనా ఆయనకి నచ్చినట్టు గడిచేవి కదా అనిపిస్తుంది. ఇప్పుడు ఊరెళ్లిపోనా?

జవాబు: అమ్మా, ముందు చిన్న పని. ఆ రెండున్నర కాల్ మార్పించండి. మీకు ఉదయం ఏడు అంటే ఈ చలికాలంలో వాళ్లకి ముందు రోజు సాయంత్రం ఏడున్నర. అమ్మాయి అప్పుడు వంట చేస్తూ ఉంటుంది, మాట్లాడే టైమ్ ఉండదు అంటుంది. మాట్లాడక్కర్లేదు, వంటగట్టు మీద ఫోన్ ఆనించి పెట్టమనండి, తను కూర తిప్పుతుంటుంది, మీరిక్కడ కాఫీ తాగుతుంటారు, పాప వచ్చి పోతుంటుంది. పది నిమిషాలు ముఖాలు చూసుకుని "ఇంకేంటి, ఇంకేంటి" అనుకునే దానికంటే ఇది ఇల్లులా ఉంటుంది. ఆఫీస్ తీరిక చూసుకుని చేస్తున్నదే గానీ అమ్మ సగం రాత్రి లేచి కూర్చుంటోందని ఆ పిల్లకి తట్టి ఉండదు, మీరు "పర్లేదమ్మా మెలకువగానే ఉంటా" అని ఉంటారు. నిజం చెప్పండి ఆమెకి.

ఊరెళ్లడం గురించి. నేను వెళ్లమనీ అనను, వద్దనీ అనను. మీరు గుర్తుపెట్టుకున్న ఊరు పదిహేనేళ్ల కిందటిది, ఇప్పుడు గోదావరి జిల్లాల్లో కూడా వీధికి నాలుగిళ్లు తాళాలేసి ఉంటున్నాయి, పిల్లలంతా హైదరాబాద్‌లోనో అమెరికాలోనో. మీతో సాయంత్రం కూర్చునే మనుషులు అక్కడ ఇంకా ఎంతమంది ఉన్నారో వెళ్లి చూడండి. ఒక నెల ఉండండి, ఫ్లాట్ ఖాళీ చేయకండి, ఏ నిర్ణయమూ తీసుకోకండి. మందులు, డాక్టర్ సంగతి కూడా అక్కడ చూసుకోండి. పెద్దవాళ్ల కోసం 14567 అని ప్రభుత్వ ఫోన్ లైన్ ఉంది, పగటి పూట పనిచేస్తుంది, ఏదైనా తెలుసుకోవాలంటే అడగొచ్చు.

మీవారి విషయం. ఆయన మాట మీరు కాదన్నారు, అది నిజమే, దాన్ని నేను మాయ చేసి తీసేయలేను. ఆయనకి ఊరి మీద మనసుంది, మీకు మనవరాలి మీద ఉంది, ఆ రోజు మనవరాలికి మనుషులు కావాలి, మీరిద్దరూ ఉన్నారు. ఆ పాపని బడికి దింపింది ఎవరు, మీవారే అయ్యుంటారు. ఆమెని అడగండి తాతయ్య గురించి, ఉదయం కాల్‌లో. మీరు వద్దన్న ఊళ్లో ఆయనకి దక్కనిది ఏంటో మీరు రోజూ లెక్కేస్తున్నారు, ఇక్కడ దక్కింది ఆ పిల్ల చెబుతుంది.

ఆ గోంగూర కుండీలు ఇప్పుడెలా ఉన్నాయో రాయలేదు మీరు. ఎండిపోయి ఉంటే మళ్లీ గింజలు చల్లండి, మొలక రావడానికి ఎన్నో రోజులు పట్టదు. రెండు కట్టలు ఎక్కువ వస్తే ఎదురు టవర్‌లో ఆ లైటు వెలిగే ఇంటికి పట్టుకెళ్లండి. వాళ్లు కూడా రాత్రి మెలకువగా ఎందుకు ఉంటున్నారో తెలుస్తుంది.

ప్రశ్న: అక్కా, నాకు 23. మాది పలాస. బీటెక్ అయ్యాక అమీర్‌పేటలో కోర్స్ చేశా, హాస్టల్‌లో త్రీ షేరింగ్. జాబ్ వచ్చిందని మూడు నెలల క్రితం ఇంట్లో అబద్ధం చెప్పా, నాన్న అప్పు చేసి పంపిస్తుంటే తట్టుకోలేక. ఇప్పుడు రోజూ రాత్రి అమ్మ ఫోన్ చేసి ఆఫీస్ ఎలా ఉంది అంటుంది, క్యాంటీన్‌లో ఏం పెట్టారు అంటుంది, నేను కథలు చెబుతా. ఫోన్ పెట్టేశాక టెర్రస్ మీదకి వెళ్లి ఏడుస్తా. రూమ్‌లో ఇద్దరున్నారు కానీ ఇయర్‌ఫోన్స్ పెట్టుకుని వాళ్ల లోకంలో ఉంటారు. నాకెందుకింత ఒంటరిగా ఉంది?

జవాబు: తల్లీ, నీ రూమ్‌లో మనుషులున్నారు, ఫోన్‌లో అమ్మ ఉంది, నీ నిజం తెలిసినవాళ్లు మాత్రం ఒక్కరూ లేరు. అమ్మ రోజూ మాట్లాడుతున్నది నువ్వు తయారుచేసిన ఇంకో అమ్మాయితో, క్యాంటీన్‌లో పులిహోర తిన్న అమ్మాయితో. అందుకే ఫోన్ పెట్టగానే ముందుకంటే ఎక్కువ ఖాళీగా అనిపిస్తోంది.

ఇది నీ ఒక్కదానికే ఉన్న జబ్బు అనుకోకు. 2025లో ప్రపంచ ఆరోగ్య సంస్థ ఇచ్చిన రిపోర్టులో ప్రపంచంలో ప్రతి ఆరుగురిలో ఒకరు ఒంటరితనంతో బాధపడుతున్నారని ఉంది, అదీ ముసలివాళ్ల కంటే మీ వయసు వాళ్లలోనే ఎక్కువని. అమీర్‌పేటలో సాయంత్రం కోచింగ్ సెంటర్లు వదిలాక ఆ ఇరుకు సందుల్లో భుజం భుజం రాసుకుంటూ నడిచే పిల్లల్లో ఎంతమంది ఇంటికి అబద్ధం చెప్పి ఉంటారో నీకూ తెలుసు.

ఈ ఆదివారం చెప్పెయ్. రాత్రి కాదు, పొద్దున పదింటికి, అందరూ టిఫిన్ తిని ఉంటారు. ముందు ఇంట్లో నీకు చనువున్న వాళ్లకి, పిన్నో మావయ్యో, వాళ్లకి చెప్పి పక్కన ఉండమను. "నాన్నా, జాబ్ రాలేదు, నీ అప్పు చూసి భయపడి చెప్పా, మూడు నెలల నుంచి నిద్ర లేదు" అను, ఇంతకంటే ఎక్కువ తయారుచేసుకోకు. నాన్న అరుస్తాడు. రెండ్రోజులు మాట్లాడడు కూడా. మూడో రోజు అమ్మ ఫోన్ చేసి "తిన్నావా" అంటుంది, అప్పుడు నువ్వు ఏం తిన్నావో అదే చెబుతావ్. ఇంకా ఎన్ని నెలలు ప్రయత్నించాలి, ఎంత డబ్బు, ఆగిపోతే ఏంటి, ఇవన్నీ ఆ తర్వాత కూర్చుని మాట్లాడుకునేవే, నిజం చెప్పకుండా ఏదీ కుదరదు. ఈ లోపు ఇవాళ రాత్రి టెర్రస్‌కి ఒక్కదానివే వెళ్లకు. రూమ్మేట్ ఇయర్‌ఫోన్ ఒకటి లాగి "కిందకి టీకి వస్తావా" అని అడుగు. ఆ పిల్ల ఏం వింటోందో, ఎందుకు వింటోందో నీకూ తెలీదు కదా.

ప్రశ్న: నమస్తే అక్కా. నేను క్యాబ్ నడుపుత. మాది మక్తల్ దిక్కు. రాత్రి డ్యూటీనే చేస్త, ట్రాఫిక్ ఉండదని. ఒంటిగంట, రెండింటికి ఎక్కినోళ్లు కొందరు ఎనక సీట్ల కూసోని ఏడుస్తరు. మొగోళ్లు కూడా. మొన్న ఒకాయన ఎయిర్‌పోర్ట్ నుంచి ఉప్పల్ దాక ఏడ్చుకుంటనే వచ్చిండు. ఏమన్న అనాల్నా, సప్పుడు చేయకుండ నడపాల్నా సమజైత లేదు. నాకు కూడ ఇంటికాడ పిల్లలు యాదికొస్తరు.

జవాబు: అన్నా, ఈ నెల వచ్చిన ఉత్తరాలన్నిట్లో నాకు బాగా నచ్చింది నీదే. నువ్వు చేస్తున్నదే సగం సరిపోయింది, నడుపుతున్నావ్, వాళ్లని ఇంటికి చేరుస్తున్నావ్. అద్దంలోంచి చూడకు, అద్దం కొంచెం పక్కకి తిప్పు. పాటలు వస్తుంటే తగ్గించు, పూర్తిగా ఆపితే వాళ్లకి ఏడుపు వినపడుతోందని సిగ్గవుతుంది. మూత తీయని నీళ్ల బాటిల్ ఒకటి ఎప్పుడూ పక్కన ఉంచుకుని వెనక్కి చూడకుండా అందించు. ఏమైంది అని అడగకు. చెప్పాలనుకుంటే వాళ్లే మొదలుపెడతారు, అప్పుడు విను, సలహా ఏం ఇవ్వక్కర్లేదు. ఎవరైనా చచ్చిపోతా అన్నట్టు మాట్లాడితే మాత్రం మధ్యలో దింపేసి వెళ్లకు, ఇంట్లో ఎవరికైనా ఫోన్ కలపమను, పైన రాసిన 14416 నంబర్ కాగితం మీద రాసి డ్యాష్‌బోర్డ్‌లో పెట్టుకో.

ఇక ఇల్లు దగ్గర పడ్డాక చాలామందికి దిగబుద్ధి కాదు, ఏడ్చిన ముఖంతో లోపలికి ఎలా వెళ్లాలని. సందు మొదట్లోనే బండి నిదానం చేసి ఒక్క మాట అడుగు, "సార్, ఇంకో రౌండ్ తిప్పుకొని తీసుకురమ్మంటరా?" అని.